చివరి శిలాజం దొరికిన పొరలోనే ఆ జాతి అంతరించిందా? మహా విలుప్తులను రాతిలో ఎలా చదువుతారు

మీరు అడిగినదాంట్లో మూడు ప్రశ్నలున్నాయి. రాతి పొరల్లో ఒక గీత దగ్గర సగానికి పైగా జాతులు పోయాయంటారు (మహా విలుప్తి అంటే ఇదే), అది ఒక్కసారిగా జరిగిందని ఎలా తెలుసు? డైనోసార్ ఎముకలు ఆ గీతకు మూడు మీటర్ల కిందే ఆగిపోయాయంటారు, మరి గ్రహశకలం చంపింది ఎవరిని? పరిణామం నెమ్మదిగా సాగేదైతే ఈ గెంతులేమిటి? మొదటిది సరిగ్గా అర్థమైతే రెండోది దానంతటదే తేలిపోతుంది. అందుకే ఎక్కువ భాగం దాని మీదే రాస్తున్నాను.

ముందు ఒక విషయం. ఒక జాతి ఆఖరి శిలాజం దొరికిన పొర వేరు, ఆ జాతిలో ఆఖరి ప్రాణి చచ్చిన కాలం వేరు. చచ్చినవాటిలో శిలాజంగా మారేవి ఏ కొద్దో. మారినవాటిలో కోతకు కొట్టుకుపోకుండా మిగిలేవి మరీ కొద్ది. ఆ మిగిలినవి కూడా రాయి బయటపడిన చోట ఉంటేనే మన కంటబడతాయి. కాబట్టి ఆఖరిగా దొరికిన శిలాజం, అసలు అంతానికి దాదాపు ఎప్పుడూ ముందే ఉంటుంది. ఎంత ముందు అన్నది ఆ జాతి ఎంత విరివిగా దొరుకుతుందన్నదాన్ని బట్టి ఉంటుంది.

ఇప్పుడు వంద జాతులు ఒకే రోజున పోయాయనుకోండి. విరివిగా దొరికే జాతుల శిలాజాలు గీత దాకా వస్తాయి. అరుదైనవి గీతకు ఎంతో కిందే ఆగిపోతాయి. పట్టిక గీసి చూస్తే ఒక్కొక్కటే రాలిపోతూ వచ్చినట్టు కనిపిస్తుంది. 1982లో ఫిలిప్ సిగ్నోర్, జెరె లిప్స్ ఈ సంగతి స్పష్టంగా చెప్పారు. అప్పటినుంచి దీన్ని సిగ్నోర్-లిప్స్ ప్రభావం అంటున్నారు. అంటే, పొరల్లో జాతులు మెల్లగా తగ్గినట్టు కనబడినంత మాత్రాన అవి మెల్లగా అంతరించాయని కాదు. ఇది తెలియక చేసిన వాదనలు ఇప్పటికీ తిరుగుతూనే ఉన్నాయి.

దీనికి బాగా పరిశీలించిన ఉదాహరణ స్పెయిన్ ఉత్తర తీరంలోని జుమాయా. సముద్రపు ఒడ్డున కొండ అంచులో క్రెటేషియస్ (6.6 కోట్ల ఏళ్ల క్రితం ముగిసిన కాలం) చివరి పొరలు, వాటిపైన పాలియోజీన్ (దాని తరవాతి కాలం) మొదటి పొరలు వరుసగా బయటపడి ఉంటాయి. ఆ రెండిటి మధ్య సరిహద్దే మీరన్న డైనోసార్ల గీత. శిలాజ శాస్త్రవేత్త పీటర్ వార్డ్ అక్కడ అమ్మోనైట్ల (చుట్ట తిరిగిన గుల్లలున్న సముద్ర జీవుల) కోసం వెతికినప్పుడు మొదట్లో ఆఖరివి సరిహద్దుకు పది మీటర్లకు పైగా కిందే ఆగిపోయాయి. అమ్మోనైట్లు గ్రహశకలం పడకముందే పోయాయని అప్పుడు అనుకోవడం సహజం. తరవాత అక్కడే ఇంకా వెతికారు, ఫ్రాన్స్ వైపున్న ఆందాయ్, బియారిట్జ్ తీరాల్లోనూ అదే కాలపు పొరలు చూశారు. అమ్మోనైట్లు సరిహద్దుకు మీటరు లోపే దొరికాయి. జుమాయాలో పై పొరల్లో అవి అరుదుగా ఉండటమే తేడాకు కారణం. ఇక్కడ ఇంకో విశేషం ఉంది. అవే రాళ్లలో ఇనోసెరామిడ్లనే పెద్ద ఆల్చిప్పలు కూడా ఉంటాయి. అవి మాత్రం ఎంత వెతికినా సరిహద్దుకు చాలా కిందే ఆగిపోతాయి. పైగా కింద అవి విరివిగానే దొరుకుతాయి కాబట్టి ‘దొరకలేదు’ అన్న సాకు వాటికి చెల్లదు. అవి నిజంగానే ముందుగా, మెల్లగా పోయాయి. 1996లో చార్లెస్ మార్షల్, వార్డ్ కలిసి లెక్కకట్టి చూపింది ఇదే: ఒకే రాతిలో మెల్లగా పోయినవీ, గీత దగ్గరే పోయినవీ రెండూ ఉన్నాయి.

ఆ లెక్క ఎలా కడతారో చెబుతాను, ఎవరైనా కాలిక్యులేటర్ మీద చేసుకోవచ్చు. సూత్రం 1989లో స్ట్రాస్, శాడ్లర్ ఇచ్చింది. సెక్షన్‌లో, అంటే ఒకచోట బయటపడిన పొరల నిలువు వరుసలో, ఆ జాతి మొదటి శిలాజం నుంచి ఆఖరి శిలాజం దాకా ఎత్తు కొలవండి. మధ్యలో ఎన్ని వేర్వేరు మట్టాల్లో అది దొరికిందో లెక్కపెట్టండి. ఒకే మట్టంలో యాభై దొరికినా అది ఒకటే లెక్క. ఆ సంఖ్యలోంచి ఒకటి తీసెయ్యండి. 20కి అన్నో మూలం కనుక్కోండి, అంటే పది మట్టాలైతే తొమ్మిదో మూలం. వచ్చినదాంట్లోంచి 1 తీసేసి, మిగిలినదాన్ని మీరు కొలిచిన ఎత్తుతో గుణించండి. ఆఖరి శిలాజానికి పైన 95 శాతం నమ్మకంతో ఇవ్వదగ్గ పొడిగింపు అదే.

ఎత్తు 10 మీటర్లు అనుకుందాం. 5 మట్టాల్లో దొరికితే పొడిగింపు సుమారు 11 మీటర్లు. 10 మట్టాల్లో అయితే 4 మీటర్లు, 20 అయితే 1.7 మీటర్లు, 50 అయితే 60 సెంటీమీటర్లు. రెండే మట్టాల్లో దొరికితే 190 మీటర్లు వస్తుంది, అంటే ఆ జాతి గురించి ఏమీ చెప్పలేమన్నమాట. ‘పది మీటర్ల కిందే ఆగిపోయింది’ అని ఎవరైనా అంటే ముందు అడగాల్సింది ఇది: ఎన్ని మట్టాల్లో దొరికింది?

ఈ లెక్కలో మూడు చోట్ల కాలు జారుతుంది. పొడిగింపు సరిహద్దు దాకా వచ్చిందంటే ఆ జాతి అక్కడిదాకా బతికిందని రుజువైనట్టు కాదు. బతికి ఉండే అవకాశాన్ని కొట్టిపారేయలేమని మాత్రమే. రెండోది, ఇరవై జాతులకు విడివిడిగా 95 శాతం లెక్క కడితే అన్నీ గీత దగ్గరే పోయినా సగటున ఒకటి కేవలం కాకతాళీయంగా గీతకు కిందే ఆగుతుంది. ఆ ఒక్కదాన్ని పట్టుకుని కథలు అల్లకూడదు. మూడోది అన్నిటికన్నా ముఖ్యం. సెక్షన్ పొడుగునా శిలాజం దొరికే అవకాశం ఒకేలా ఉందని సూత్రం అనుకుంటుంది. పైకి వెళ్లేకొద్దీ సముద్రం లోతు తగ్గి, బంకమట్టి పోయి ఇసుక వచ్చిందంటే ఆ ఊహ చెల్లదు. లోతు నీళ్లలో ఉండే జీవి ఆ చోటు వదిలి వెళ్లిందంతే, చావలేదు. పొడిగింపు కట్టేముందు రాతి రకం మారిందేమో చూడాలి. మారితే, మార్షల్ 1997లో చూపినట్టు, ఒక్కో మట్టంలో దొరికే అవకాశాన్ని విడిగా తూచి లెక్కలో కలపాలి.

పెద్ద గుల్లల సంగతి ఇలా ఉంటే, ఫొరామినిఫెరా లాంటి సూక్ష్మజీవుల గుల్లలు గుప్పెడు మట్టిలోనే వేలు దొరుకుతాయి కాబట్టి అక్కడ ఈ బాధ లేదనుకుంటారు. ఉంది, రూపం వేరు. మామూలు పద్ధతిలో మెత్తటి సున్నపు బంకరాయిని పలచటి హైడ్రోజన్ పెరాక్సైడ్‌లో నానబెట్టి, 63 మైక్రాన్ల జల్లెడ మీద కడిగి, ఎండబెట్టి, సమాన భాగాలుగా విడగొట్టి, ఒక భాగంలోంచి 300 గుల్లలు ఏరి జాతులవారీగా లెక్కపెడతారు. మూడు వందలే ఎందుకంటే, మొత్తంలో 1 శాతం ఉన్న జాతి కనీసం ఒక్కసారైనా కంటబడే అవకాశం అప్పటికి 95 శాతం దాటుతుంది. కానీ వెయ్యికి ఒకటి చొప్పున ఉండే జాతి 300 గుల్లల్లో కనబడే అవకాశం 26 శాతమే. దాన్ని 95కు తేవాలంటే మూడు వేలు చూడాలి. అందుకే లెక్క ముగిశాక మిగిలిన మట్టి మొత్తాన్ని అరుదైన జాతుల కోసం మళ్లీ వెతకడం పద్ధతి. ఈ పని చేయకుండా ‘సరిహద్దుకు ముందే మూడోవంతు జాతులు పోయాయి’ అని రాస్తే పోయింది జాతులు కాదు, ఓపిక. జల్లెడ కన్నం 150 మైక్రాన్లు తీసుకున్నా అంతే. సరిహద్దు దాటాక బతికినవి, కొత్తగా పుట్టినవి చాలావరకు చిన్నవి, జల్లెడలోంచి జారిపోతాయి. ఒక మట్టంలోని గుల్లలు జల్లెడ కన్నాల్లో ఇరుక్కుని తరవాతి మట్టంలో కలవడం ఇంకో తలనొప్పి. ఒక్కో నమూనా తరవాత జల్లెడను మిథిలీన్ బ్లూలో ముంచుతారు. నీలంగా కనబడిన గుల్ల పాతదని తెలిసిపోతుంది.

ట్యునీసియాలోని ఎల్ కెఫ్ దగ్గర క్రెటేషియస్-పాలియోజీన్ సరిహద్దుకు ప్రపంచ ప్రమాణ సెక్షన్ ఉంది. అక్కడి ఫొరామినిఫెరా ఒక్కసారిగా పోయాయని యాన్ స్మిట్, ముందునుంచే పోతూ వచ్చాయని గెర్టా కెల్లర్ వాదించుకున్నారు. 1990లలో ఒక గుడ్డి పరీక్ష పెట్టారు. నమూనాలు ఏ మట్టానివో చెప్పకుండా నలుగురు నిపుణులకు ఇచ్చారు. ఎవరి జాబితా వాళ్లది విడిగా చూస్తే సరిహద్దుకు ముందే కొన్ని జాతులు తగ్గినట్టుంది. కానీ ఒకరికి దొరకనిది మరొకరికి దొరికింది. జాబితాలు కలిపితే సరిహద్దుకు ముందు పోయినట్టు కనబడినవి బాగా తగ్గిపోయాయి. రెండు పక్షాలూ తామే గెలిచామన్నాయనుకోండి, అది వేరే సంగతి. కలిపిన జాబితానే నమ్మాలన్నది నా అభిప్రాయం. ఎందుకంటే ఒక జాతి ‘ఉంది’ అనడానికి ఒక్క గుల్ల చాలు, ‘లేదు’ అనడానికి ఎన్ని చూసినా చాలవు. ఒకే జాతిని నలుగురు నాలుగు పేర్లతో పిలిస్తే మాత్రం కలిపిన జాబితా కూడా మోసం చేస్తుంది, అందుకే పేర్లు ముందే సరిచూసుకోవాలి.

ఇక డైనోసార్లు. ‘మూడు మీటర్ల ఖాళీ’ అన్నది అమెరికాలోని మోంటానాలో హెల్ క్రీక్ పొరల నుంచి వచ్చింది. పైన చెప్పిన లెక్క గుర్తుంటే సమాధానం మీకే తడుతుంది. డైనోసార్ అస్థిపంజరాలు అమ్మోనైట్ల కన్నా ఎన్నో రెట్లు అరుదు. అలాంటివాటికి మూడు మీటర్ల ఖాళీ రావడంలో వింతేమీ లేదు. 1991లో షీహన్ బృందం స్వచ్ఛంద కార్యకర్తలతో వేల గంటలు వెతికించి, పొరల కింది భాగం నుంచి పైభాగం దాకా డైనోసార్ కుటుంబాల వాటాలో చెప్పుకోదగ్గ తరుగుదల లేదని చూపింది. 2011లో లైసన్ బృందం సరిహద్దుకు 13 సెంటీమీటర్ల కింద ఒక కొమ్ముల డైనోసార్ కొమ్మును కనుక్కుంది. అక్కడ సరిహద్దును గుర్తించింది పుప్పొడి రేణువుల మార్పుతో, ఎముకలతో కాదు. ఇది ముఖ్యం, ఎముకలతో సరిహద్దు గీసి ఆ గీతతోనే ఎముకలను కొలిస్తే వాదన చుట్టూ తిరిగి మొదటికొస్తుంది. ఒక్క కొమ్ముతో డైనోసార్లన్నీ ఆ రోజు దాకా బాగున్నాయని తేలదు. ఖాళీ ఉందన్న వాదన మాత్రం నిలవదు.

ఇంతవరకు ‘మెల్లగా’ కనబడేది మోసం కావచ్చని చెప్పాను. దీనికి తలకిందులైన మోసం కూడా ఉంది, నా ఉద్దేశంలో అదే ఎక్కువ ప్రమాదకరం. సముద్రమట్టం పడిపోయి కొంతకాలం అవక్షేపం పేరుకోలేదనుకోండి, లేదా పేరుకున్నది కోసుకుపోయిందనుకోండి. ఆ మధ్యలో ఐదు లక్షల ఏళ్లపాటు ఒక్కొక్కటిగా పోయిన జాతులన్నీ, రాతిలో ఆ ఒక్క విరామ రేఖ దగ్గరే పోయినట్టు కనిపిస్తాయి. కత్తితో కోసినట్టుంటుంది. స్టీవెన్ హాలండ్ 1995లో కంప్యూటర్ నమూనాలతో చూపించింది ఇదే: విలుప్తి రేటు ఎప్పుడూ ఒకేలా ఉన్నా ఆఖరి శిలాజాలు విరామ రేఖల దగ్గర, సముద్రం హఠాత్తుగా లోతైన పొరల దగ్గర గుంపులు కడతాయి.

కాబట్టి పదునైన గీత కనబడితే సంబరపడేముందు దాన్ని దగ్గరగా చూడాలి. పొర పైతలం గట్టిపడి, దానిలో జీవులు తొలిచిన బొరియలున్నాయా? ఫాస్ఫేట్ ఉండలు, ఆకుపచ్చటి గ్లాకోనైట్ గింజలు, గులకరాళ్లు పేరుకున్నాయా? ఇవన్నీ అవక్షేపం ఆగిన గుర్తులు. కార్బన్ ఐసోటోపుల (ఒకే మూలకంలో బరువు తేడా ఉన్న పరమాణువుల) పాళ్లను పొరవారీగా గీసిన వక్రరేఖ అంచెలంచెలుగా దిగుతోందా, లేక మధ్య విలువలే లేకుండా ఒక్క గెంతులో పడిందా? గెంతితే మధ్య పొరలు లేనట్టే అనుకోవాలి. ఐసోటోపులను కూడా గుడ్డిగా నమ్మకండి. ఆక్సిజన్ ఐసోటోపుల విలువ (ప్రమాణ నమూనాతో తేడా) వెయ్యికి మైనస్ 10 కన్నా కిందికి పోయినా, కార్బన్, ఆక్సిజన్ రెండూ కలిసికట్టుగా కదులుతున్నా ఆ రాయి తరవాతి కాలంలో నీటితో మారిపోయిందని అనుమానించాలి. చివరికి తేల్చేది ఇంకో సెక్షన్. అదే కాలానికి లోతు సముద్రంలో పేరుకున్న పొరలు చూడండి. అక్కడ సముద్రమట్టం తగ్గినా అవక్షేపం సాధారణంగా ఆగదు. తీరంలోనూ లోతులోనూ గీత ఒకే ఐసోటోపు మట్టంలో పడితే అది విరామం చేసిన మాయ కాదు.

శిలాజాలు ఎక్కాల్సినదానికన్నా పైకి ఎక్కడం మూడో మోసం. నది పాత ఒడ్డును కోసి అందులోని డైనోసార్ పళ్లను తన ఇసుకలో కలుపుకుంటుంది. ఆ ఇసుక గట్టిపడితే పాలియోజీన్ రాతిలో డైనోసార్ పళ్లు! మోంటానాలోని బగ్ క్రీక్ దగ్గర ఇదే జరిగింది. డైనోసార్లు తగ్గుతూ క్షీరదాలు పెరుగుతున్నట్టు చక్కటి వరుస కనబడింది. తరవాత చూస్తే ఆ ఇసుక సరిహద్దు తరవాతి నదులది, హెల్ క్రీక్ పొరల్లోకి కోసుకుని దిగింది. ఇలాంటిచోట పంటి అంచులు అరిగాయా చూడాలి. అరగలేదంటే కొట్టుకురాలేదని కాదు, గట్టి పళ్లు కొంతదూరం కొట్టుకొచ్చినా నునుపు తేలవు. ఎముకలోకి చేరిన అరుదైన మూలకాల నిష్పత్తి చుట్టుపక్కల ఎముకలతో కలుస్తుందో లేదో చూడటం ఇంకా మంచిది. కీళ్లు కలిసే ఉన్న అస్థిపంజరం దొరికితే ఇక అనుమానమే లేదు, అది అక్కడే చచ్చింది. సముద్రపు అడుగున ఇదే పని పురుగులు చేస్తాయి. పది సెంటీమీటర్ల మందాన మట్టిని కలిపేస్తాయి. వెయ్యేళ్లకు 2 సెంటీమీటర్ల చొప్పున మట్టి పేరుకునే చోట ఐదు వేల ఏళ్లు కలగాపులగం అయినట్టే. అంతకన్నా సూక్ష్మంగా కాలం చెబుతానన్నవాళ్లను ఆ సెక్షన్‌లో పురుగుల బొరియలు ఎలా ఉన్నాయో అడగండి.

లాజరస్ జాతులు, ఎల్విస్ జాతులు అని మీరు విని ఉంటారు. మొదటివి రాతిలో లక్షల ఏళ్లు కనబడకుండా పోయి మళ్లీ ప్రత్యక్షమయ్యేవి. సీలకాంత్ చేపలు అందరికీ తెలిసిన ఉదాహరణ: క్రెటేషియస్ తరవాతి శిలాజాల్లో జాడ లేదనుకున్నవి 1938లో దక్షిణాఫ్రికా తీరంలో బతికి దొరికాయి. రెండోవి పోయినదానిలాగే కనబడే వేరే జీవులు. గుల్ల ఆకారం ఒక్కటే చూసి పేరు పెడితే అవి లాజరస్‌లుగా చెలామణి అవుతాయి. ఒక విలుప్తి తరవాత లాజరస్‌లు ఎంత ఎక్కువుంటే, ఆ కాలపు రాళ్లు అంత తక్కువ భద్రపరిచాయని అర్థం. అంటే అక్కడి నష్టం శాతాన్ని కొంచెం తగ్గించుకుని చదవాలి.

కాలం సంగతికొద్దాం. ‘ఒక్కసారిగా’ అంటే ఎంతకాలం? పొర మందం చూసి చెప్పలేం. అగ్నిపర్వతపు బూడిద పొరల్లో దొరికే, యురేనియం కలిసి ఉండే జిర్కాన్ అనే ఖనిజపు స్ఫటికాలే గడియారం. యురేనియం-238 అర్ధాయువు 446.8 కోట్ల ఏళ్లు, యురేనియం-235ది 70.4 కోట్ల ఏళ్లు. రెండూ వేర్వేరు సీసం ఐసోటోపులుగా మారతాయి కాబట్టి ఒకే స్ఫటికంలో రెండు గడియారాలుంటాయి, రెండూ ఒకే వయసు చెబితేనే నమ్ముతారు. తప్పు రెండు వైపులా జరుగుతుంది. స్ఫటికంలో దెబ్బతిన్న చోట్ల నుంచి సీసం కారిపోతే వయసు తక్కువొస్తుంది. పాత స్ఫటికం శిలాద్రవంలో చిక్కుకుని వస్తే ఎక్కువొస్తుంది. మొదటిదానికి మందు ఉంది: స్ఫటికాలను 900 డిగ్రీల దగ్గర రెండు రోజులకు పైగా ఉంచి, తరవాత వేడి హైడ్రోఫ్లోరిక్ ఆమ్లంలో దెబ్బతిన్న భాగాలను కరిగించేసి, మిగిలిన గట్టి భాగాన్నే కొలుస్తారు. రెండోదానికి ఒక్కో స్ఫటికాన్ని విడిగా కొలిచి, పెద్ద వయసువాటిని పక్కన పెట్టడం తప్ప దారి లేదు.

చైనాలోని మెయ్‌షాన్‌లో పెర్మియన్-ట్రయాసిక్ సరిహద్దుకు ఈ పని అద్భుతంగా కుదిరింది. అక్కడ 25వ పొర తెల్లటి బూడిద బంకమట్టి, 28వ పొర కూడా బూడిదే. మధ్యలో 26, 27 పొరలు. నాలుగూ కలిపి ముప్పై సెంటీమీటర్లకు అటూ ఇటూ. మహా విలుప్తి ఆ ఇరుకులోనే జరిగింది. ట్రయాసిక్ మొదలును మాత్రం 27వ పొర మధ్యలో హిండియోడస్ పార్వస్ అనే కోనోడాంట్ (సూక్ష్మమైన పళ్లుగా దొరికే సముద్ర జీవి) మొదటిసారి కనబడిన చోట గీశారు. కాబట్టి విలుప్తి మట్టం, యుగపు సరిహద్దు ఒకటి కావు. చాలా వ్యాసాల్లో రెండూ కలిపేస్తారు, జాగ్రత్త. 2014లో బర్జెస్, బౌరింగ్, షెన్ కొలిచిన ప్రకారం మొదలు 25.1941 కోట్ల ఏళ్ల క్రితం, చివర 25.1880 కోట్ల ఏళ్ల క్రితం. తేడా సుమారు 60 వేల ఏళ్లు, అటూ ఇటూ 48 వేలు. ఈ అంకెను ‘చావులు 60 వేల ఏళ్లు సాగాయి’ అని చదవకండి. కొలతకు అందిన గరిష్ఠ కిటికీ అది. లోపల అసలు సంహారం ఇంకా తక్కువ కాలంలో జరిగి ఉండొచ్చు. దానికి ముందే, 2000లో, జిన్ బృందం అక్కడి 333 జాతుల ఆఖరి శిలాజాలకు పొడిగింపులు కట్టి, 25వ పొర దగ్గర ఒకే ఆకస్మిక విలుప్తితో ఆ పట్టిక సరిపోతుందని చూపింది. శిలాజాల లెక్క, జిర్కాన్ లెక్క ఒకదాని మీద ఒకటి ఆధారపడకుండా ఒకేచోటికి రావడం వల్లనే దీన్ని నమ్ముతాం.

కారణాల విషయంలో ఇంత సాఫీగా లేదు. 6.6 కోట్ల ఏళ్ల నాటి క్రెటేషియస్-పాలియోజీన్ విలుప్తికి ఆధారాలు బలంగా ఉన్నాయి. 1980లో అల్వారెజ్ తండ్రీకొడుకులు, అసారో, మిషెల్ ఇటలీలోని గుబ్బియో దగ్గర సెంటీమీటరు మందపు బంకమట్టి పొరలో ఇరిడియం (భూమి పైపొరలో అరుదుగా, గ్రహశకలాల్లో ఎక్కువగా ఉండే లోహం) మామూలుకన్నా 30 రెట్లు, డెన్మార్క్‌లోని స్టెవెన్స్ క్లింట్‌లో 160 రెట్లు ఉన్నట్టు చూపారు. తరవాత అదే మట్టంలో ఆఘాతానికి నలిగిన క్వార్ట్జ్, గాజు గోళీలు దొరికాయి. మెక్సికోలో సుమారు 180 కిలోమీటర్ల వ్యాసమున్న చిక్సులూబ్ బిలం బయటపడింది. 2013లో రెన్ బృందం ఆ తాకిడికీ విలుప్తికీ మధ్య తేడా 32 వేల ఏళ్లకు మించదని కొలిచింది. ఇంచుమించు అదే కాలంలో మన దక్కన్‌లో పొంగిన లావాల పాత్ర దగ్గరే పేచీ. 2019లో సైన్స్ పత్రిక ఒకే సంచికలో రెండు బృందాలు రెండు పద్ధతులతో వయసులు ఇచ్చాయి. జిర్కాన్ మీద షోయెన్ బృందం తాకిడికి కొన్ని పదుల వేల ఏళ్ల ముందు పెద్ద విస్ఫోట దశ ఉందంది. ఆర్గాన్ పద్ధతితో స్ప్రెయిన్ బృందం లావాలో అధికభాగం తాకిడి తరవాతే వచ్చిందంది. లావాల పొరల మధ్య జిర్కాన్ ఉన్న బూడిద అన్నిచోట్లా దొరకదు. లావాను నేరుగా కొలిచే ఆర్గాన్ పద్ధతికి కచ్చితత్వం కొంచెం తక్కువ. తగువంతా ఆ సందులోంచి పుట్టిందే. సముద్రపు ఉష్ణోగ్రతల రికార్డులో లావాల వల్ల వచ్చిన వేడి తాకిడికి ముందే తగ్గిపోయినట్టుంది కాబట్టి ప్రధాన హంతకుడు గ్రహశకలమే అనడానికి నేను మొగ్గుతాను.

శాతాల గురించి ఒక హెచ్చరిక. పెర్మియన్ చివర ‘96 శాతం జాతులు పోయాయి’ అని అంతటా రాస్తారు. రాళ్లలో ఎవరూ ఆ జాతులను లెక్కపెట్టలేదు. 1979లో డేవిడ్ రౌప్ సముద్ర జీవుల కుటుంబాలు (దగ్గరి సంబంధమున్న జాతుల పెద్ద గుంపులు) సగానికి పైగా పోయాయన్న అంకె తీసుకుని, జాతులు యాదృచ్ఛికంగా పోయి ఉంటే అన్ని కుటుంబాలు పోవడానికి ఎన్ని జాతులు పోవాలో వెనక్కి లెక్కకట్టాడు. 96 అందులో పై హద్దు. నిజానికి చావు యాదృచ్ఛికం కాదు, కొన్ని కుటుంబాల మీద గుత్తగా పడుతుంది, అప్పుడు తక్కువ జాతులతోనే ఎక్కువ కుటుంబాలు పోతాయి. ఆ కాలంలో మామూలుగా పోయేవాటిని కూడా తీసెయ్యాలి. ఇవి సవరించి 2016లో స్టీవెన్ స్టాన్లీ ఇచ్చిన అంకె సుమారు 81. ఇంకో తిరకాసు: డెవోనియన్ చివర, ట్రయాసిక్ చివర జీవవైవిధ్యం పడిపోవడానికి చావులు పెరగడం కన్నా కొత్త జాతులు పుట్టకపోవడమే ఎక్కువ కారణమని బాంబాక్, నోల్, వాంగ్ 2004లో వాదించారు. ఆ లెక్కన ‘ఐదు మహా విలుప్తులు’ అన్నవి ఐదూ ఒకే రకం సంఘటనలు కావు.

మీ మూడో ప్రశ్నకు ఇప్పుడు కొద్దిమాటలు చాలు. మహా విలుప్తి పరిణామాన్ని ఆపదు, ఏ లక్షణం పనికొస్తుందో దాన్ని మారుస్తుంది. జబ్లాన్‌స్కీ 1986లో అమెరికా తీరపు క్రెటేషియస్ గుల్లజీవుల్లో చూపింది ఇదే. మామూలు కాలంలో డింభకాలు (గుడ్డు నుంచి వచ్చిన పిల్లలు) నీళ్లలో దూరం తేలిపోయే జాతులు, ఎక్కువ జాతులున్న ప్రజాతులు (దగ్గరి జాతుల గుంపులు) బాగా నిలదొక్కుకుంటాయి. సరిహద్దు దగ్గర ఆ రెండూ అక్కరకు రాలేదు. ప్రజాతి మొత్తం ఎంత విశాలంగా వ్యాపించి ఉందన్నదే పనికొచ్చింది. పెర్మియన్ చివర లెక్క ఇంకోలా ఉంది: బరువైన సున్నపు గుల్ల కట్టుకుంటూ, శ్వాసక్రియ మందంగా ఉండే పగడాలు, బ్రాకియోపోడ్లు (రెండు చిప్పల సముద్ర జీవులు) ఎక్కువ పోయాయి, చురుకైన నత్తలు, చేపలు తక్కువ పోయాయి. సముద్రంలో కార్బన్ డయాక్సైడ్ పెరిగి ఆక్సిజన్ తగ్గితే సరిగ్గా అలాంటివే ముందు పోతాయి.

గెంతుల సంగతంటారా, రాయి దట్టంగా పేరుకున్న చోట చూస్తే అవి అంచెలుగా విడిపోతాయి. నీళ్లలో తేలే ఫొరామినిఫెరా జాతుల్లో 90 శాతానికి పైగా 6.6 కోట్ల ఏళ్ల క్రితం పోయాయి. గెంబెలిట్రియా లాంటి కొన్ని చిన్నవి మిగిలాయి. కొద్ది వేల ఏళ్లలో పార్వులారుగోగ్లోబిజెరినా యుగుబినా అనే బుల్లి కొత్త జాతి వచ్చింది, సరిహద్దుకు పైనున్న ఆ పొరల మండలానికి దాని పేరే పెట్టారు. నేల మీద కొలరాడోలోని కోరల్ బ్లఫ్స్ పొరల్లో మిగిలిన క్షీరదాల్లో పెద్దవి అర కిలో ఎలుకంత. లక్ష ఏళ్లలో ఆరు కిలోలు, మూడు లక్షల ఏళ్లలో పాతిక, ఏడు లక్షల ఏళ్లలో యాభైకి దగ్గర. అక్కడ ఆకులు, పుప్పొడి, ఎముకలు, బూడిద ఒకే వరుసలో దొరకడం వల్ల ఈ మెట్లు కనబడ్డాయి. అవి దొరకని చోట ఇదే మార్పు ఒక గెంతులా కనబడేది.

ఇవాళ్టి నష్టాన్ని ఆరో మహా విలుప్తి అనవచ్చా అని మీరు చివర్లో ఒక వాక్యం చేర్చారు. పాత ఐదింటికి బార్నోస్కీ బృందం 2011లో వాడిన గీటురాయి 75 శాతం జాతుల నష్టం. నమోదైన నష్టం దానికి చాలా తక్కువే, కానీ జాతులు పోతున్న రేటు మామూలు రేటుకన్నా ఎంతో ఎక్కువ. రెండిటినీ పక్కపక్కన పెట్టేముందు ఒకటి గమనించండి. పాత శాతాలు సముద్రపు గుల్లజీవులవి, ఎక్కువగా ప్రజాతుల లెక్కలోంచి తీసినవి. ఇవాళ్టి లెక్క పక్షులది, క్షీరదాలది, ఉభయచరాలది. వీటిలో చాలా జాతులు శిలాజంగా మిగిలే అవకాశమే అత్యల్పం, కాబట్టి అవి పోయినా రాతిలో ఎవరికీ తెలియదు. సరైన పోలిక కావాలంటే ఇప్పటి నత్తలు, ఆల్చిప్పల జాబితా తీయాలి. వాటిలో అధికభాగం జాతుల పరిస్థితిని ఇంతవరకు ఎవరూ అంచనా వేయలేదు.